సొంత కారా, కిరాయి కారా, బస్సా? కందుకూరు నుంచి చూస్తే ఏది మేలు?

2022 ఏప్రిల్‌లో కందుకూరును నెల్లూరు జిల్లాలో కలిపినప్పుడు, అంతవరకు ఒంగోలు కలెక్టరేట్‌కు అలవాటుపడిన మాకు దాదాపు 100 కిలోమీటర్ల దూరాన ఉన్న నెల్లూరు నగరం అప్పట్లో జిల్లా కేంద్రమైంది. నేనెరిగిన చాలా ఇళ్లలో కారు కొనాలన్న మాట అప్పుడే మొదలైంది. 16వ నంబరు జాతీయ రహదారి మీద జరిగే ప్రమాదాల వార్తలు రాస్తూ, అదే దారిలో నా కారు నడుపుకుంటూ వెళ్లే విలేకరిని కాబట్టి ఈ ప్రశ్న నన్ను వదలదు.

లీటరుకు 18 కిలోమీటర్లు ఇచ్చే కారైనా నెల్లూరు వెళ్లి రావడానికి సుమారు 11 లీటర్ల పెట్రోలు తాగుతుంది. దానికి ముసునూరు టోల్‌ప్లాజా రుసుము, బ్యాంకు వాయిదా, బీమా తోడవుతాయి. కారు ఇంటి ముందు కదలకుండా ఉన్న నెలలో కూడా వాయిదా ఆగదు. ఇంతా చేసి నెల్లూరులోని ట్రంకు రోడ్డుకు చేరాక బండి నిలుపుకునే చోటు కోసం వెతకాలి.

బస్సులో ఈ బాధలేవీ లేవు. 2025 ఆగస్టు 15న స్త్రీశక్తి పథకం మొదలయ్యాక పల్లెవెలుగు, ఎక్స్‌ప్రెస్ బస్సుల్లో మహిళలకు టికెట్ ఖర్చు కూడా లేదు. సింగరాయకొండ వెళ్లి రైలెక్కితే కావలి మీదుగా నెల్లూరు చేరవచ్చు. పగటిపూట పనికి, ఒకరిద్దరు వెళ్లే ప్రయాణానికి బస్సూ రైలే మేలని నేను గట్టిగా చెబుతాను.

అయితే కారు మీద మమకారం లెక్కలకు లొంగదు. పెళ్లిచూపులకు బస్సు దిగి నడిచి వచ్చిన వారిని, కారు దిగిన వారిని మన ఊళ్లు ఒకే కంటితో చూడవు. ఈ చూపు తప్పని నా అభిప్రాయం. గౌరవం కోసం అప్పుచేసి కారు కొని, వాయిదాలు కట్టలేక పొలం తాకట్టు పెట్టిన కుటుంబాన్ని దగ్గరగా చూశాను.

రాత్రి సంగతి వేరు. మా అమ్మకు అర్ధరాత్రి ఆయాసం వచ్చినప్పుడు, అప్పటికి నాకు కారు లేదు, పక్కింటి అన్న తన కారులో ఒంగోలు తీసుకువెళ్లాడు. ఆ రాత్రి తర్వాతే నేను కారు కొన్నాను. అలాంటి అవసరం ఏడాదికి రెండుమూడు సార్లకు మించని ఇంటికి, పిలవగానే వచ్చే నమ్మకమైన డ్రైవరు ఊళ్లోనే ఉంటే, కిరాయి కారు చాలునని ఇప్పుడు అనిపిస్తుంది.

పామూరు, కనిగిరి వైపు వారికి మాత్రం ఈ సలహా ఇవ్వలేను. రైలు ఎక్కాలంటే వారు ముందు చాలా దూరం రోడ్డు మీద రావాలి, చివరి బస్సు తప్పితే ఆ రాత్రి ఉన్నచోటే ఉండిపోవాలి. 309 కిలోమీటర్ల నడికుడి–శ్రీకాళహస్తి రైలు మార్గం పూర్తయి ఆ ఊళ్లలో రైళ్లు ఆగేవరకు, అక్కడ కారు కొన్నవారిని ఆడంబరం కోసం కొన్నారని నేను రాయను.