పాత హారర్ పేరడీ డీవీడీలు కొనేవాళ్ళు జాగ్రత్త

నిన్న రాత్రి జరిగింది, కోపం ఇంకా దిగలేదు. డాలస్‌లో మనవాళ్ళకి పాత డీవీడీలు అమ్మే ఆయన మీలో చాలామందికి తెలుసు, పేరు రాయను. ఆయన దగ్గర 40 డాలర్లు పెట్టి ‘ది బోగస్ విచ్ ప్రాజెక్ట్’ కొన్నాను. 1999 నాటి హారర్ సినిమా ‘ది బ్లెయిర్ విచ్ ప్రాజెక్ట్’ మీద చిన్న చిన్న పేరడీలు గుదిగుచ్చి 2000లో వదిలిన సినిమా. ఒరిజినల్, సీల్ కూడా తీయలేదన్నాడు.

సీల్ ఉన్నమాట నిజమే. లోపల డిస్క్ తిప్పి చూస్తే వెండి రంగు లేదు, ఊదా రంగు. ఇంట్లో బర్న్ చేసినది! పెట్టగానే తెర మీద ఎడమ మూల వీసీఆర్ ‘ప్లే’ అక్షరాలు. బొమ్మ అడుగున సన్నటి చార గిలగిలా కొట్టుకుంటోంది. ఎప్పటిదో వీడియో క్యాసెట్‌ని డిస్క్‌లోకి ఎక్కించి అమ్మాడు.

ఫోన్ చేశాను. నవ్వాడు! “ఊగే కెమెరా సినిమాకి పేరడీ కదా తమ్ముడూ, అది మసగ్గా కాక ఇంకెలా ఉంటుంది?” అన్నాడు. నాకు ఒళ్ళు మండింది అక్కడే. అసలు సినిమా ‘బ్లెయిర్ విచ్’ని మేరీల్యాండ్ అడవిలో 8 రోజుల్లో తీశారు. నటులే కెమెరాలు పట్టుకున్నారు, హై8 అనే చిన్న క్యాసెట్ వీడియో కెమెరా ఒకటి, నలుపు తెలుపు 16 ఎం.ఎం. ఫిల్ము కెమెరా ఒకటి. ఆ గరుకుదనం వాళ్ళు కావాలని తెచ్చుకున్నది. టార్చి వెలుగులో అందులోని అమ్మాయి ముక్కు, కళ్ళు మాత్రమే కనిపిస్తూ ఏడుస్తుందే, పేరడీ తీసే ఎవరైనా ముందు పట్టుకునేది ఆ సీనునే. ముఖం ఆనితేనే కదా నవ్వొచ్చేది. నా డిస్క్‌లో ఏ ముఖమూ ఆనలేదు. తక్కువ డబ్బుతో తీశారంటే ఎలా ఉన్నా చెల్లుతుందని కాదు. ఉన్న కాస్త డబ్బుతో పేరడీ తీసినవాళ్ళు అచ్చుగుద్దినట్టు దించిన పనంతా ఈయన పాడుచేశాడు.

తప్పు నాదీ ఉంది. కార్డు వద్దు, నేరుగా బ్యాంకులోకి పంపమన్నప్పుడే అనుమానించాల్సింది. తెలుగువాడు, నోరారా తమ్ముడూ అంటున్నాడని పంపేశాను. ఇప్పుడు ఫోన్ ఎత్తడం లేదు.

కొనేముందు డిస్క్ అడుగు వైపు ఫొటో అడగండి. సీల్ తీయనంటే వదిలేయండి. ఇదే సినిమా ఇంకో కాపీ ఉందని ఇవాళ పొద్దున మళ్ళీ పెట్టాడు. అదీ సీల్‌తోనే ఉంది.