రిట్ వద్దని చెప్పిన వకీలు గారి ఆఫీసు, పర్లాకిమిడి

పర్లాకిమిడి కోర్టుకు దగ్గర్లో, మేడ మీద ఉన్న వకీలు ఆఫీసు ఇది. అయిదుకు నాలుగున్నర స్టార్లు ఇస్తున్నాను. స్థలం తగాదాలతో తిరుగుతున్న మన తెలుగువాళ్లకు పనికొస్తుందని కాస్త వివరంగా రాస్తున్నాను.

మా పుట్టింటి పెరటివైపు పక్కింటాయన కొత్త గోడ లేపారు. అది మా స్థలంలోకి వచ్చిందని మేము, పాత పునాది మీదే కట్టానని ఆయన. "కటక్‌లో రిట్ వేస్తే వారంలో స్టే వచ్చేస్తుంది" అని ఒక ఏజెంటు అడ్వాన్సు కూడా అడిగాడు. (కటక్‌లో ఉన్నది ఒడిశా హైకోర్టు. రిట్ అంటే రాజ్యాంగం కింద నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్, స్టే అంటే పనిని తాత్కాలికంగా ఆపే ఉత్తర్వు.) ఆ టెన్షన్‌తో మా అమ్మకు రాత్రుళ్లు నిద్ర లేదు.

ఈ వకీలు గారు ముందు కాగితాలన్నీ చదివారు. మా ముత్తాతగారి దస్తావేజు మద్రాసు ప్రెసిడెన్సీ నాటిది, తెలుగులో ఉంది. 1936లో ఒడిశా ఏర్పడినప్పుడు మన ఊరు ఇటు వచ్చింది కాబట్టి ఇప్పటి పట్టా ఒడియాలో ఉంది. రెండూ పక్కపక్కన పెట్టుకుని హద్దులు సరిచూశారు. పడమటి హద్దు వేపచెట్టు అని దస్తావేజులో రాసుంది. ఆ చెట్టు ఇప్పుడు లేదు.

"అమ్మా, ఆ చెట్టు ఎక్కడ ఉండేదో తెలిసినవాళ్లు బోనెక్కి చెప్పాలి. అవతలి వకీలు వాళ్లకు అడ్డప్రశ్నలు వేయాలి. రిట్‌లో మామూలుగా అవేవీ ఉండవు. మీదో అఫిడవిట్ (ప్రమాణ పత్రం), ఆయనదో అఫిడవిట్. గోడ ఎవరిదో వాటిని బట్టి ఎలా తేలుతుంది?" అన్నారు.

రిట్‌ల గురించి చెప్పే రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద హైకోర్టుకు ఎంత అధికారం ఉన్నా, సాక్ష్యాలు లోతుగా పరిశీలించాల్సిన వివాదాల్లోకి మామూలుగా దిగదని సుప్రీంకోర్టు 1964లోనే, థాన్‌సింగ్ నథ్‌మల్ కేసులో చెప్పిందట. ఇద్దరు ప్రైవేటు మనుషుల ఆస్తి గొడవకు రిట్ దారి కాదని 2010లో షాలినీ శ్యామ్ శెట్టి కేసులో మరీ గట్టిగా చెప్పింది. అలాగని తలుపు పూర్తిగా మూసెయ్యలేదనీ ఆయనే చెప్పారు. ప్రభుత్వ సంస్థ మీద కేసైతే, వాస్తవాల మీద గొడవ ఉందన్న ఒక్క కారణంతో రిట్‌ను తోసెయ్యక్కర్లేదని 2003లో వచ్చిన ఏబీఎల్ ఇంటర్నేషనల్ తీర్పు ఉంది. నాకు బాగా నచ్చింది ఇదే. తన మాట నెగ్గించుకోవడానికి సగమే చెప్పి ఊరుకోలేదు.

తర్వాత మాకు దారి చూపించారు. ముందు తహసీల్ ఆఫీసులో డిమార్కేషన్‌కు, అంటే స్థలం కొలిచి హద్దులు గుర్తించడానికి, దరఖాస్తు. తహసీల్దారు దాన్ని పట్టించుకోకుండా కూర్చుంటే అప్పుడు రిట్ పనికొస్తుంది. అయితే ఫలానా గడువులోగా తేల్చమని మాత్రమే హైకోర్టు ఆదేశిస్తుంది, హద్దు తాను గీయదు. మాకు ఆ అవసరం రాలేదు. అమీన్ (స్థలాలు కొలిచే ఉద్యోగి) వచ్చి కొలిచాడు, పక్కింటాయన ఒప్పుకోలేదు. ఇప్పుడు సివిల్ కోర్టులో దావా నడుస్తోంది. స్థలం చూసి రిపోర్టు ఇవ్వడానికి తన తరఫున ఒక కమిషనర్‌ను వేయమని కోర్టును అడిగాం. ఏళ్లు పట్టొచ్చని మొదటి రోజే చెప్పారు. అది వినడం కష్టంగానే ఉంది, కానీ వారంలో స్టే అన్న మాట కంటే వెయ్యి రెట్లు నయం. కటక్ ఖర్చులన్నీ పెట్టాక "సివిల్ కోర్టుకు వెళ్లండి" అనిపించుకుని తిరిగొచ్చి ఉంటే మా అమ్మ తట్టుకునేది కాదు.

మొదటిసారి సంప్రదింపుకు అయిదొందలు తీసుకున్నారు. దావా ఫీజు విడతలుగా కడుతున్నాం, ప్రతిసారీ రసీదు ఇస్తున్నారు. గుమాస్తా ఒడియా కాగితాలన్నీ మా అమ్మకు తెలుగులో చదివి చెప్పాకే వేలిముద్ర వేయించాడు.

అర స్టారు తగ్గించింది మెట్ల వల్ల. నిటారుగా ఉంటాయి, పట్టుకోవడానికి కమ్మీ లేదు. పెద్దవాళ్లుంటే ముందే ఫోన్ చేయండి, ఆయనే కిందికి వస్తారు. సాయంత్రాలు రద్దీ ఎక్కువ. పాత దస్తావేజుల జిరాక్సులు కాదు, ఒరిజినల్సే పట్టుకెళ్లండి. చూసి అక్కడికక్కడే తిరిగిచ్చేస్తారు.