వంటింటి చప్పుళ్లకు కార్ఖానా ఇయర్‌మఫ్‌లు: ఎనిమిది నెలల వాడకం తర్వాత

రాళ్లు కోసేచోట పనివాళ్లు చెవులకు పెట్టుకునే ఇయర్‌మఫ్‌లను నేను వంటింట్లో వాడుతున్నాను. స్టీలు పళ్లెం మీద గరిటె పడితే పక్కవారికి అదొక చప్పుడు మాత్రమే. నాకైతే చెవిలో సూది దిగినట్టుండి, ఒక్కోసారి నొప్పి దవడ దాకా పాకుతుంది. దీన్ని హైపరాకూసిస్ అంటారని, వినికిడి పరీక్షలో అంతా సవ్యంగా ఉన్నా మామూలు చప్పుళ్లు కూడా ఇలా భరించరానివి కావచ్చని ఆడియాలజిస్టు వివరించిన తర్వాతే మా ఇంట్లో "చాదస్తం" అన్న మాట తగ్గింది.

అంతకుముందు ఇంతకు ఎన్నో రెట్లు ఖర్చుపెట్టి నాయిస్ క్యాన్సిలింగ్ హెడ్‌ఫోన్లు కొన్నాను. బయటి శబ్దాన్ని మైకుతో పట్టి దానికి విలోమమైన తరంగాన్ని పుట్టించే ఆ పరికరం ఫ్యాను హోరును, బస్సు ఇంజను రొదను బాగా అణచింది కానీ, హఠాత్తుగా వచ్చే కుక్కర్ కూతను, అంట్లు తోమేటప్పటి గిన్నెల మోతను దాదాపు అలాగే లోపలికి వదిలింది. ఇయర్‌మఫ్‌లలో బ్యాటరీ లేదు, మైకు లేదు. లోపల స్పాంజి అమర్చిన రెండు ప్లాస్టిక్ కప్పులు, వాటిని చెవులకు అదిమిపట్టే ఒక పట్టీ, అంతే. ఫ్యాను హోరు దగ్గర ఇవి తేలిపోతాయి. కీచుమనే చప్పుళ్ల దగ్గరే వీటి పనితనం తెలుస్తుంది. నాకు కావలసింది అదే.

పెట్టె మీద ఎన్‌ఆర్‌ఆర్ (చప్పుడును ఎంత తగ్గిస్తుందో చెప్పే అంకె) 27 డెసిబెల్స్ అని ఉంది. ఆ అంకె ప్రయోగశాలలో తేల్చినది కనుక, ఇయర్‌మఫ్‌లకు అందులో పావువంతు తగ్గించి లెక్కవేసుకోవాలని పనిచేసేచోట భద్రతపై పరిశోధించే అమెరికా ప్రభుత్వ సంస్థ నియోష్ 1998లో సూచించింది. నా అనుభవంలో ఆ పావు పోయేది కుషను అంచున. కళ్లద్దాల కాడ అడ్డుపడినా, జడలోంచి జారిన ఒక పాయ కుషను కింద చిక్కుకున్నా సందు ఏర్పడి చప్పుడు దూరుతుంది. బుట్టలు తీసి చిన్న దిద్దులకు మారాక గానీ నాకు పూర్తి ఫలితం దక్కలేదు. ఇంకో వింత ఏమిటంటే, ఇవి పెట్టుకుని జంతిక నమిలితే బయటికి పోలేని ఆ కరకర అంతా తలలోనే మోగుతుంది.

ఇబ్బందులూ లేకపోలేదు. అరగంట దాటితే పట్టీ బిగువుకు కణతలు నొప్పెడతాయి. మే నెలలో కుషన్ల కింద చెమట కారుతుంది. కుషన్లు గట్టిపడ్డాక విడిగా కొందామని అమ్మినవారిని రెండుసార్లు అడిగితే, స్టాకు లేదన్న సమాధానమే వచ్చింది.

అన్నిటికన్నా పెద్ద పొరపాటు నాదే. కణతలు నొప్పెట్టినా చెవులకు హాయిగా ఉంది కదా అని మొదటి రెండు నెలలు పొద్దున్నుంచి రాత్రి దాకా తీయలేదు. తీసిన రోజున మా వారు పేపరు తిప్పిన చప్పుడుకే ఉలిక్కిపడ్డాను. చెవికి అందే శబ్దం తగ్గేకొద్దీ మెదడు తన వాల్యూమ్ పెంచుకుంటూ పోతుందని, మిక్సీకి, కుక్కర్‌కు, దీపావళి టపాసులకు మాత్రమే వాడి మిగతా వేళల్లో చెవులను మెల్లని శబ్దాల మధ్య ఉంచాలని ఆడియాలజిస్టు గట్టిగా చెప్పారు. ఇప్పుడు పొద్దున ఇరవై నిమిషాలకు మించి పెట్టుకోవడం లేదు. పేపరు చప్పుడు మళ్లీ పేపరు చప్పుడుగానే వినిపిస్తోంది.

ఎదుటివారు కాఫీ జుర్రితే ఒళ్లు మండిపోయేవారు మాత్రం తొందరపడి కొనవద్దు. 2001లో వినికిడి పరిశోధకులైన జాస్ట్రెబాఫ్ దంపతులు మిసోఫోనియా అని పేరుపెట్టిన ఆ బాధలో ఇబ్బంది శబ్ద తీవ్రతతో కాదు, ఫలానా శబ్దంతో. దానికి చికిత్స దారి వేరు.

కళ్లద్దాలు ఉన్నవారు పెట్టి చూసుకున్నాకే కొనండి. అయిదుకు నాలుగు ఇస్తున్నాను; తగ్గించిన ఒకటీ విడి కుషన్లు దొరకనందుకు. మొదట్లో "విమానం నడపడానికి పోతున్నావా?" అని నవ్విన మా అత్తయ్యగారు ఇప్పుడు మిక్సీ మీట నొక్కబోతూ, "అమ్మాయ్, నీ డిప్పలు పెట్టుకో" అని కేకేస్తారు. ఆ కేకకు కూడా ఇవి ఉంటే బాగుండునని ఆవిడకింకా చెప్పలేదు.