అనుపుకి పావుగంట ఇచ్చిన గైడు

నాగార్జునసాగర్ ప్యాకేజీ టూరు, తలకు 950 రూపాయలు. మేము ఆరుగురం, అంటే 5,700. అందులో లాంచీ టికెట్టు, మ్యూజియం టికెట్టు, మధ్యాహ్నం భోజనం, ఎత్తిపోతల జలపాతం దాకా బండి అన్నీ కలిసే ఉంటాయని, వీటన్నిటికీ మించి 'చరిత్ర బాగా తెలిసిన గైడు వెంట నడుస్తూ ప్రాచీన విశ్వవిద్యాలయ నగర దర్శనం' ఉంటుందని ఫోన్లో చెప్పారు. టికెట్లు ఇచ్చారు, భోజనం పెట్టారు, బండి కూడా బాగానే ఉంది. ఆ విశ్వవిద్యాలయం కట్టడాలున్న అనుపు దగ్గర మాత్రం పావుగంటే ఆపారు. మేము పోయిందే దానికోసం. నల్లగొండ వాళ్లు గానీ, మహబూబ్‌నగర్ నుంచి కల్వకుర్తి, దేవరకొండ మీదుగా సాగర్ వచ్చేవాళ్లు గానీ ఇలాంటి ప్యాకేజీకి డబ్బులు కట్టే ముందు ఇది చదివితే కొంత ఖర్చయినా తప్పుతుందని రాస్తున్నా.

వెళ్లింది నేను, మా ఆవిడ, అమ్మ, అక్క, బావ, వాళ్లమ్మాయి. మా మేనకోడలు డిగ్రీలో హిస్టరీ చదువుతోంది, ఈ ప్రయాణం ఆమె పోరు పడలేకే. ప్యాకేజీ మాట్లాడింది బావ. హాలియా, పెద్దవూర మీదుగా హిల్ కాలనీ దాకా దారి గురించి చెప్పడానికేం లేదు, రోడ్డు బాగుంది, అమ్మ నిద్రపోయింది.

కొత్తగా పోయేవాళ్లు తికమకపడే విషయం ఒకటి. సాగర్ అంటే ఒక్క చోటు కాదు. హిల్ కాలనీ, పైలాన్ కాలనీ, బుద్ధవనం మన నల్లగొండ జిల్లా వైపు. వంతెన దాటి అవతలికి పోతే విజయపురి సౌత్, లాంచీలు ఎక్కే చోటు, అనుపు, ఎత్తిపోతల, ఇవన్నీ పల్నాడు జిల్లా. నాగార్జునకొండ ఏమో నీళ్ల మధ్య దీవి. ఒకప్పుడు అది దీవి కాదు. అక్కడ కృష్ణ ఒడ్డున కొండల మధ్య పెద్ద లోయ ఉండేది, క్రీ.శ. మూడు, నాలుగు శతాబ్దాల్లో ఇక్ష్వాకు రాజుల రాజధాని విజయపురి ఆ లోయలోనే ఉండేది, ఊరి చుట్టూ బౌద్ధ విహారాలు, గుళ్లు, స్నానఘట్టాలు. 1926లో శిథిలాలు బయటపడ్డాయి, తర్వాత పురావస్తు శాఖ అధికారి లాంగ్‌హర్స్ట్ తవ్వించాడు. 1955 డిసెంబరు 10న నెహ్రూ డ్యామ్‌కి శంకుస్థాపన చేసే నాటికి లోయంతా మునిగిపోతుందని తెలుసు కాబట్టి 1954 నుంచి 1960 దాకా ఆర్. సుబ్రహ్మణ్యం ఆధ్వర్యంలో పెద్ద ఎత్తున తవ్వకాలు జరిగాయి. ముఖ్యమైన కట్టడాలు కొన్నిటిని విప్పి కొండ మీదికి చేర్చి మళ్లీ కట్టారు, మరికొన్నిటిని అనుపులో నిలబెట్టారు. అసలు ఊరు మాత్రం నీళ్ల అడుగునే ఉంది.

ఈ మాత్రం ముక్క గైడు చెప్పాలా వద్దా? చెప్పలేదు. లాంచీలో మా అమ్మకు మేనకోడలే చెప్పింది.

గైడు కుర్రాడు, మంచివాడే, పాతికేళ్లు ఉంటాయేమో. నడుముకు స్పీకరు కట్టుకుని చెవి దగ్గర మైకు పెట్టుకున్నాడు. లాంచీ ఇంజను మోతలో ఆ మైకు మోత. "ఇది నలందా కంటే పాత యూనివర్సిటీ, ఇక్కడ పదివేల మంది విద్యార్థులు, ఆచార్య నాగార్జునుడు వీసీ, మెస్సు ఫ్రీ, ఫారిన్ స్టూడెంట్లకు సెపరేట్ హాస్టలు" అని గుక్క తిప్పుకోకుండా అప్పజెప్పాడు. పక్కన ఎవరో పసిపిల్ల ఉలిక్కిపడి ఏడుపు అందుకుంది. మేనకోడలు మెల్లగా అడిగింది, "ఆ పదివేలు ఏ శాసనంలో ఉందన్నా?" అని. "గూగుల్లో ఉంది మేడం" అన్నాడు. అప్పటి నుంచి ఆ పిల్ల ముఖం మాడిపోయింది, సాయంత్రం దాకా విప్పలేదు.

న్యాయంగా చెప్పాలంటే వాడి మాటల్లో అన్నీ తప్పులు కావు. నలందా మహావిహారం ఐదో శతాబ్దంలో గుప్తుల కాలంలో మొదలైంది కాబట్టి ఇక్కడి విహారాలు అంతకంటే పాతవే. బయటివాళ్లు వచ్చేవాళ్లన్నదీ నిజమే, సింహళ విహారం అని శ్రీలంక భిక్షువుల పేరు మీద ఒకటి ఉండేది. కానీ బౌద్ధ ఆచార్యుడు నాగార్జునుణ్ణి వీసీ చేసి కూర్చోబెట్టడం మాత్రం వట్టి కథే. ఆయన శాతవాహనుల కాలం వాడని చెబుతారు, ఈ విహారాలు ఎక్కువగా కట్టింది ఆ తర్వాత ఇక్ష్వాకుల కాలంలో. కొండకు ఆ పేరు సంప్రదాయం కట్టబెట్టిందే. దాన్ని మించిన అసలు కథ మ్యూజియంలో రాళ్ల మీదే చెక్కి ఉంది, ఈ గైడు మాత్రం దాని ముందు నుంచే మమ్మల్ని నడిపించుకుని పోయాడు.

ఆ కథేంటంటే ఈ చదువుల ఊరికి డబ్బు పెట్టింది ఎక్కువగా ఆడవాళ్లు. రాజు శాంతమూలుడు అశ్వమేధం చేసిన వైదికుడు, ఆయన చెల్లెలు శాంతిసిరి మాత్రం మహాచైత్యానికి, అంటే ఇక్కడి పెద్ద స్తూపానికి, ఆయక స్తంభాలు (స్తూపం నాలుగు వైపులా నిలిపే ఐదేసి స్తంభాలు) నిలబెట్టించింది. రాణి భట్టిదేవి బహుశ్రుతీయ అనే బౌద్ధ శాఖ భిక్షువులకు విహారం కట్టించింది. వనవాసి రాజు భార్య కొడబలిసిరి మహీశాసకులనే మరో శాఖకు ఇంకో విహారం కట్టించింది. ఇక బోధిసిరి అనే ఉపాసిక (సన్యసించని బౌద్ధ భక్తురాలు), ఈమె రాణీ కాదు, రాజకుమారీ కాదు, చుళధమ్మగిరి అనే కొండ మీద చైత్యగృహం (స్తూపం ఉండే గుడి) కట్టించి దాని శాసనంలో కాశ్మీరం, గాంధారం, చీనా, తోసలి, వంగ, వనవాసి, యవన, దమిళ, తామ్రపర్ణి ద్వీపం (శ్రీలంక) అని పెద్ద జాబితా రాయించింది. ఆ దేశాల జనాన్ని బౌద్ధంలోకి తెచ్చిన ఆచార్యుల కోసం కట్టించానని చెప్పింది. ఇదంతా మేనకోడలు వేలితో చూపిస్తూ చెబుతుంటే అక్క నోరు తెరుచుకుని వింది. అంతసేపూ గైడు బయట చెట్టుకింద ఫోన్ మాట్లాడుతున్నాడు.

దీవి మీద మాకు దొరికింది గంట. వచ్చిన లాంచీలోనే తిరిగి పోవాలి, హారన్ కొడితే పరుగెత్తాలి. మ్యూజియం భవనాన్నే బౌద్ధ విహారం నమూనాలో కట్టారు. లోపల మునిగిపోయిన లోయ నమూనా ఉంది, ముందు దాని దగ్గర పది నిమిషాలు నిలబడండి, మిగతావన్నీ అప్పుడు అర్థమవుతాయి. మహాచైత్యం, స్నానఘట్టం చూశాం. ఒక స్తూపం పునాది దగ్గర మాత్రం కదలబుద్ధి కాలేదు. చుట్టూ గుండ్రంగా ఇటుకలు, వాటి మధ్యలో ఇటుకలతోనే పేర్చిన స్వస్తిక. పైన కట్టడం పూర్తయ్యాక ఎవరికీ కనిపించని చోట అంత పొందికగా ఎందుకు పేర్చారా అని మా ఆవిడ అడిగింది. ఆ ప్రశ్నకు గైడు "ఫోటోకి సూపర్ ఉంటది మేడం, ఇక్కడ నిలబడండి" అన్నాడు.

భోజనం ప్యాకేజీలోదే. పప్పు, సాంబారు, చల్లారిన అన్నం. బావ రెండోసారి పెరుగు అడిగితే 20 రూపాయలు ఎక్స్‌ట్రా అన్నారు. ఇక బావ ముఖం కూడా మాడింది.

తర్వాత అనుపు. మూడు దాటింది, ఎండ కొలిమిలా ఉంది. గైడు బండి చెట్టు కింద ఆపించి, "ఇదే స్టేడియం, అదే యూనివర్సిటీ, ఫోటోలు దిగండి, పావుగంటలో బయల్దేరాలి, లేటైతే ఎత్తిపోతల దగ్గర రష్ అవుతుంది" అన్నాడు. దిగలేదు కూడా, డ్రైవరు పక్క సీట్లోనే కూర్చున్నాడు. అమ్మకు మోకాళ్ల నొప్పులు, ఆమె బండి దిగి చెప్పులు సర్దుకునేసరికి ఐదు నిమిషాలు అయిపోయింది. ఎవరం ఏమీ చూడలేదు. ఎత్తిపోతల దగ్గర మాత్రం గంటా పది నిమిషాలు ఆపాడు. జలపాతం బాగుంటుంది, చంద్రవంక నీళ్లు డెబ్బై అడుగుల పైనుంచి దూకుతాయి, నేను కాదనను. కానీ ఆ గంటలో నలభై నిమిషాలు ఒక తేనె కొట్టు ముందు గడిచింది. "అడవి తేనె, ప్యూర్" అని సీసా 450కి అంటగట్టాలని చూశారు. కొట్టువాడు గైడుకి టీ పోసి పంపిన తీరు చూస్తే, అనుపులో మిగిల్చిన టైము ఎక్కడికి పోయిందో నాకు తెలిసిపోయింది.

రాత్రి హిల్ కాలనీలో ఒక ప్రైవేటు లాడ్జి. రెండు గదులు, ఒక్కోటి 1,800, అదనపు పరుపుకు 300. గీజరు స్విచ్ వేస్తే మొత్తం వరండా లైట్లు ఆరిపోయేవి. కింద రిసెప్షన్లో అడిగితే "ఒక్కొక్కరు వేసుకోండి సార్" అన్నాడు, ఒక్కొక్కరంటే గదికా, లాడ్జికా అని బావ అడిగాడు, జవాబు లేదు. దుప్పటి మీద ఎవరో తిన్న కొబ్బరి బిస్కెట్ పొడి. మా ఆవిడ కుర్చీలో చీర చుట్టుకుని కూర్చునే తెల్లవార్లూ గడిపింది. ఆ డబ్బుకు ఇంకొంచెం కలిపి సర్కారు వసతి ముందుగా బుక్ చేసుకోవడం నయం, శనివారం రాత్రి మాత్రం ముందుగా చూసుకోకపోతే ఏదీ దొరకదు.

మర్నాడు పొద్దున మేనకోడలు మొండికేసింది, "నేను ఇవాళ అనుపు చూడకుండా నల్లగొండ రాను మామా" అని. ఆటో మాట్లాడుకున్నాం, రానుపోను, అక్కడ ఎంతసేపున్నా సరే 600. కారులో అందరం పట్టేవాళ్లమే గానీ బావ కారు తీయనన్నాడు, నిన్నటి కోపం ఇంకా దిగలేదు. చివరికి మాతో పాటు ఆటోలోనే వచ్చాడు.

ఏడున్నరకి అనుపులో మనుషులే లేరు. స్టేడియం అని నిన్న మాకు దూరం నుంచి చూపించింది నిజానికి నాలుగు వైపులా మెట్లున్న పెద్ద ప్రాంగణం. ప్రాచీన భారతదేశంలో ఇలాంటివి చాలా అరుదు. ఊడ్చుకుంటున్న పెద్దాయన ఒకరు చీపురు పక్కన పెట్టి, "మజ్జన నిలబడి మాట్లాడుండ్రి, పైనున్నోళ్లకు ఇనబడతది" అన్నాడు. బావ మధ్యలోకి పోయి చిన్నప్పుడు బడిలో నేర్చుకున్న పద్యం ఒకటి అందుకున్నాడు, మామూలు గొంతుతోనే. పై మెట్టు మీద కాళ్లు చాపుకుని కూర్చున్న అమ్మ అక్కణ్నించే, "రెండో పాదం తప్పు చదివినవు అల్లుడూ" అంది. ఇద్దరూ అరవలేదు. మేము మధ్య మెట్ల మీద ఉన్నాం, ఇద్దరి మాటా మాకు స్పష్టంగా వినబడింది. బావ మళ్లీ చదివాడు, ఈసారి సరిగ్గా చదివాడు. అక్కడితో కోపం కూడా దిగిపోయింది, ఎండెక్కేదాకా వాళ్లిద్దరూ పద్యాల పోటీ పెట్టుకున్నారు.

మేనకోడలూ నేనూ విహారం వైపు నడిచాం. మధ్యలో ఖాళీ స్థలం, అందులో మండపం స్తంభాలు, చుట్టూ వరుసగా చిన్న చిన్న గదులు. ఒక గదిలో నేను చేతులు చాపితే రెండు వైపులా గోడ అందేలా ఉంది. ఒక భిక్షువుకు పడుకోవడానికి, కూర్చోవడానికి సరిపోతుంది, అంతే. మేనకోడలు ఇటుక ఒకటి కొలిచింది, రెండు జానలు దాటింది. ఎదురెదురుగా వెనక గోడ గుండ్రంగా ఉన్న రెండు గుళ్లు, ఒకదాంట్లో స్తూపం, ఒకదాంట్లో బుద్ధుడు, పూజించే పద్ధతి మారుతున్న కాలంలో రెండు రకాల వాళ్లూ ఒకే ప్రాంగణంలో సర్దుకున్నారని చెప్పింది. హారీతి గుడి ఒకటి ఉంది, పిల్లల్ని కాపాడే దేవతట, అమ్మ చేతులు జోడించి వచ్చింది. నిన్న గైడు "హాస్టలు" అన్న మాట ఆ గదుల్ని చూస్తుంటే పూర్తిగా కొట్టిపారేయలేం, నిలబడి ఇంత చూపించి ఉంటే ఆ మాటకు నేనే చప్పట్లు కొట్టేవాణ్ణి. రెండు గంటలు ఉన్నాం. పెద్దాయనకు 100 ఇస్తే తీసుకోవడానికి మొహమాటపడ్డాడు.

తిరిగొచ్చేటప్పుడు బుద్ధవనం చూశాం, 2022లో తెరిచారు, 274 ఎకరాలు, శుభ్రంగా ఉంది, మహాస్తూపం పెద్దది, నీడ తక్కువ. పెద్దవాళ్లను తీసుకెళ్తే పొద్దునో సాయంత్రమో పోండి.

మధ్యాహ్నం రోడ్డు పక్క బండి దగ్గర రవ్వ చేప ముక్కలు, ఉప్పూ కారం అల్లం పట్టించి అప్పటికప్పుడు వేయించి ఇచ్చారు, ప్లేటు 200, నాలుగు ముక్కలు. అంచులు కరకర, లోపల మెత్తగా, ముల్లు తీస్తుంటే ఆవిరి వచ్చేది. బావ మూడు ప్లేట్లు తిన్నాడు. మా ఆవిడ చేపలు ముట్టదు, ఆ వాసనకు ఆమె కూడా ఒక ముక్క అడిగింది.

పోదలచుకున్నవాళ్లు గైడుకి కట్టే డబ్బు మిగుల్చుకోండి. శుక్రవారం మ్యూజియం మూసి ఉంటుంది, ఆ రోజు పోవద్దు. జనం నిండితేనే లాంచీ కదులుతుంది కాబట్టి పొద్దున్నే చేరండి. అనుపుకి ఎండెక్కకముందే పోండి, నీళ్లు వెంట తీసుకుపోండి. హిస్టరీ చదివే పిల్లలెవరైనా చుట్టాల్లో ఉంటే బతిమాలైనా వెంట తీసుకెళ్లండి.

ఇంటికొచ్చాక ప్యాకేజీ ఆయనకు ఫోన్ చేశాను. "అనుపు చూపించాం కదా సార్, ఎంతసేపని మేం చెప్పలేదు కదా" అన్నాడు. పది నిమిషాలు వాదిస్తే 500 వెనక్కిస్తానన్నాడు. 500 ఏంటి, సగమన్నా ఇవ్వాలని నేను అనబోతుంటే బావ ఫోన్ లాక్కుని తన ఫోన్‌పే నంబర్ చెప్పేశాడు. ఆ 500 ఇంకా పడలేదు.