సంగీత దర్శకుడా, సౌండ్ డిజైనరా?

హన్మకొండ, కాజీపేటల్లో కీబోర్డు నేర్చుకునే పిల్లల్లో సినిమా మీద ఆశ ఉన్నవాళ్లు సంగీత దర్శకుడు కావాలనే అనుకుంటారు. సౌండ్ డిజైన్ కూడా ఒక దారేనని వాళ్లకు చెప్పేవాళ్లు తక్కువ.

సంగీత దర్శకుడు పాటలకు బాణీ కడతాడు, నేపథ్య సంగీతం ఇస్తాడు. పోస్టరు మీద పేరు పడుతుంది. 2012 కాపీరైట్ సవరణతో పాటల రాయల్టీలో వాటా కూడా చట్టబద్ధమైన హక్కయింది. కానీ మొదటి సినిమా దొరకడమే గగనం.

సౌండ్ డిజైనర్ పని వేరు. వాన, తలుపు కిర్రుమనడం, ఊరి రొద, చివరికి నిశ్శబ్దం కూడా అతనే అమరుస్తాడు. తెర మీది నడకకు తగ్గట్టు స్టూడియోలో అడుగుల చప్పుడు మళ్లీ పుట్టించడాన్ని ఫోలీ అంటారు. సౌండ్ డిజైన్‌కు రాయల్టీ ఉండదు, మాట్లాడుకున్న డబ్బే. అయితే సినిమాలే కాదు, వెబ్ సిరీస్‌లు, ప్రకటనలు, గేములకూ ఈ పని కావాలి. చదవాలంటే పుణెలో సినిమా, టీవీ పనులు నేర్పే ప్రభుత్వ సంస్థ ఎఫ్‌టీఐఐలో కోర్సు ఉంది. 2009లో ఆస్కార్ అందుకున్న సౌండ్ డిజైనర్ రసూల్ పూకుట్టి అక్కడే చదివారు.

బాణీలు వాటంతటవే తడుతుంటే సంగీతం వదలొద్దు. చెవి ఎప్పుడూ చప్పుళ్ల మీదే ఉంటే మాత్రం రెండోదే నయమని నా గట్టి నమ్మకం. మేడారం జాతర హోరు, ఒగ్గు డోలు, కాజీపేట జంక్షన్‌లో గూడ్సు బండి మోత: ఇంత సంపద మన చుట్టూనే ఉంది. చిన్న రికార్డర్, మైకుకు గాలి తగలకుండా బొచ్చు కవరు ఉంటే చాలు. రికార్డర్ సెట్టింగుల్లో శాంపిల్ రేటును సినిమాకు వాడే 48 కిలోహెర్ట్జ్‌కే పెట్టి రికార్డు చేసి, తేదీ, చోటు రాసి దాచుకోండి. హైదరాబాద్ స్టూడియోలో పని అడిగేటప్పుడు అదే వినిపించొచ్చు.