మైఖేల్ హుయ్ డీవీడీ సెట్టు: ఆడియో మార్చకుంటే దండగే

హాంకాంగ్ నుంచి తెప్పించుకునే ఈ సెట్టులో మైఖేల్ హుయ్ 1974 నుంచి 1981 దాకా రాసి, తీసి, నటించిన ఐదు కామెడీలున్నాయి. ముందుగా అట్ట వెనక అంకె చూడండి. డీవీడీలకు దేశాలను బట్టి 'రీజియన్' అంకెలుంటయి, ఆ అంకె కలవకుంటే ప్లేయర్ డిస్కును ఆడించదు. ఇవి రీజియన్ 3 డిస్కులు, మన దేశానిది రీజియన్ 5. నల్లగొండ క్లాక్‌టవర్ దగ్గర కొన్నా, మహబూబ్‌నగర్‌లో కొన్నా 'ఆల్ రీజియన్' ప్లేయరే అడిగి, షాపులోనే డిస్కు పెట్టించి చూసుకోవాలె. కంప్యూటర్ డ్రైవ్‌లో రీజియన్ మార్చొచ్చు గానీ ఐదుసార్లే, ఆ తర్వాత చివరిదే ఖాయం. పాత డబ్బా టీవీలో బొమ్మ నలుపు-తెలుపుగా వస్తే డిస్కు పాడైందనుకోకండి. డిస్కుది ఎన్‌టీఎస్‌సీ, టీవీది పాల్ అనే వేర్వేరు రంగుల పద్ధతులు, అంతే తేడా.

అసలు చిక్కు ఆడియోది. మెనూలో చైనా అధికార భాష మాండరిన్ ముందే పెట్టి ఉంటది, హాంకాంగ్ జనం మాట్లాడే కాంటొనీస్‌కు మార్చాలె. గుర్తుపట్టడం తేలికే: 'కాదు' అనేచోట మూతి మూసి 'మ్‌హై' అంటే కాంటొనీస్, 'బూషి' అంటే మాండరిన్.

ఇంత పట్టింపు ఎందుకంటే, 1970ల మొదట్లో హాంకాంగ్‌లో ఊరంతా మాట్లాడేది కాంటొనీసే అయినా తెర మీద మాత్రం మాండరినే. తమ్ముడు శామ్‌తో టీవీ షో చేసి పేరు తెచ్చుకున్న హుయ్ కూడా 1972లో మొదటి వేషం మాండరిన్ సినిమాలోనే వేసిండు. 1973లో ఇంకొకరి సినిమా తెర మీద కాంటొనీస్‌కు తలుపు తీసింది. 1974లో 'గేమ్స్ గాంబ్లర్స్ ప్లే'తో ఈయన బజారు మాటను నిలబెట్టిండు. దాన్ని మాండరిన్‌లో చూడటమంటే దేవరకొండ మనిషితో గ్రాంథికం పలికించినట్టే.

సెట్టులో మేటి 1976 నాటి 'ది ప్రైవేట్ ఐస్'. ఏది విరిగినా పనోడి జీతంలో కోసే పిసినారి డిటెక్టివ్‌గా హుయ్. వంటగదిలో కొట్లాట వస్తే సాసేజీల దండను నాన్‌చాకులా (గొలుసుతో కలిపిన రెండు కర్రల ఆయుధంలా) తిప్పుతడు, ముఖంలో నవ్వు మాత్రం రానీయడు. చైనా భాషలో ఈ సినిమా పేరు 'అరకట్టీ, ఎనిమిది టేళ్లు'. కట్టీ, టేల్ అక్కడి తూకాలు; కట్టీకి 16 టేళ్లు కాబట్టి రెండూ ఒకటే తూకం. మనకు అద్దశేరన్నా నలభై తులాలన్నా ఒకటే కదా, అట్లా. శామ్ పాడిన టైటిల్ పాటలో కూలి బతుకు మీది ఎత్తిపొడుపంతా ఆ తూకంలోనే ఉంది. ఇంగ్లిష్ సబ్‌టైటిల్‌కు అది అందదు.

1975 సినిమా కొంచెం సాగుతుంది, దాన్ని ఆఖరికి ఉంచుకోండి. 'సెక్యూరిటీ అన్‌లిమిటెడ్'కు 1982లో, మొట్టమొదటి హాంకాంగ్ ఫిల్మ్ అవార్డుల్లో, ఉత్తమ నటుడి బహుమతి వచ్చింది. ముసలి సెక్యూరిటీ బాస్‌గా ఆయన నడక చూస్తే ఎందుకిచ్చారో తెలుస్తది. ఆయనకు 82 ఏళ్లున్నప్పుడు, 2024లో విడుదలైన 'ది లాస్ట్ డ్యాన్స్' ఇందులో లేదు, విడిగా వెతుక్కోవాల్సిందే.