స్టాన్లీ కప్పు, పార్కింగ్ గ్యారేజీ, ఎర్ర జెర్సీ

మాంట్రియల్‌లో డ్రమండ్ వీధి దగ్గర ఓ పార్కింగ్ గ్యారేజీ ఉంది. జనవరి మధ్యాహ్నం, మైనస్ 18 డిగ్రీలు. నేను దానికి ఫోటోలు తీస్తుంటే మా ఆవిడ మఫ్లర్ లోంచే, "ఏమండీ, కార్లు పెట్టుకునే చోటు చూపించడానికా ఐదు గంటలు రైల్లో కూర్చోబెట్టారు?" అంది.

చూడటానికి అక్కడ నిజంగానే ఏమీ లేదు. ఒకప్పుడు ఆ స్థలంలో విక్టోరియా స్కేటింగ్ రింక్ ఉండేది. 1875 మార్చి 3న జేమ్స్ క్రైటన్ అనే ఆయన తొమ్మిదేసి మందితో రెండు జట్లు కట్టి ఆడించిన ఆటను, పైకప్పు కింద జరిగిన మొదటి ఐస్ హాకీ మ్యాచ్‌గా లెక్కేస్తారు. బంతి ఎగిరి చూసేవాళ్ళకు తగులుతుందని దాని బదులు చదునైన చెక్క బిళ్ళతో ఆడారట. ఇప్పటి పక్‌కు అదే తాత.

అసలు ఈ ఆట ఎక్కడ పుట్టిందన్నది మాత్రం తేలని తగాదా. నోవా స్కోషియాలోని విండ్సర్ మాదంటుంది, ఒంటారియోలోని కింగ్‌స్టన్ మాదంటుంది. 2014లో ఇద్దరు స్వీడన్ వాళ్ళు, ఒక క్యూబెక్ ఆయన కలిసి రాసిన పుస్తకం, ఇంగ్లండ్‌లో అంతకు ముందే ఆడారని పాత కాగితాలు తీసి చూపించింది. హనుమంతుడు పుట్టింది తిరుమల అంజనాద్రిలోనా, కిష్కింధలోనా అన్న వాదన విన్నవాళ్ళకు ఇదేమీ కొత్తగా అనిపించదు.

నాకీ పిచ్చి అంటించింది మనవడు. టొరంటో పక్కనున్న మిస్సిసాగాలో అమ్మాయి వాళ్ళింటికి చలికాలంలో వెళ్ళడం మాకు అదే మొదటిసారి. మా రోజుల్లో హాకీ అంటే ధ్యాన్‌చంద్ అని మొదలుపెడితే, "తాతయ్యా, దాన్ని ఫీల్డ్ హాకీ అనాలి" అని సరిదిద్దాడు. తొమ్మిదేళ్ళవాడు. వాడి ఆటలో నాకు పక్ ఎక్కడుందో కూడా కనపడేది కాదు. టీవీలో పంజాబీ కామెంటరీ వస్తుంటే కొంచెం నయం, గోల్ పడిందని గొంతును బట్టి తెలిసేది. ఆ కామెంటేటర్ హర్‌నారాయణ్ సింగ్ 2020లో తన కథ రాసుకున్నాడు. మా అల్లుడు నాకిచ్చిన మొదటి పుస్తకం అదే. తేలికగా ఉంటుంది, అక్కడ మొదలుపెట్టవచ్చు.

తర్వాత మూడు వారాలు హేజల్ మెకాలియన్ సెంట్రల్ లైబ్రరీకి అంకితం. లోపల కూర్చుని చదువుకోవడానికి పైసా కట్టక్కర్లేదు, ఇంటికి తెచ్చుకోవడానికి అమ్మాయి కార్డు ఉంది. వెచ్చగా ఉంటుంది, బాత్రూములు శుభ్రం. కెనడాకు చలికాలంలో వచ్చే అమ్మానాన్నలకు మాల్ కన్నా ఇదే మంచి చోటని నా అభిప్రాయం.

చదివినవాటిలో నన్ను పట్టేసింది కెన్ డ్రైడెన్ 1983లో రాసిన 'ద గేమ్'. ఈయన మాంట్రియల్ కెనడియన్స్ జట్టు గోలీ, అంటే గోల్‌కీపర్. ఆడుతూనే మెక్‌గిల్ యూనివర్సిటీలో లా చదివాడు, మధ్యలో ఒక సీజన్ మానేసి టొరంటోలో లాయర్ దగ్గర పని నేర్చుకున్నాడు, ఎనిమిది సీజన్లలో ఆరు స్టాన్లీ కప్పులు (అక్కడి అతి పెద్ద హాకీ లీగ్ ఎన్‌హెచ్‌ఎల్ విజేతలకిచ్చేవి) గెలిచి 31 ఏళ్ళకే ఆపేశాడు. తర్వాత కేంద్ర మంత్రి కూడా అయ్యాడు. తన చివరి సీజన్ గురించి రాసిన పుస్తకం ఇది. మ్యాచ్‌ల వర్ణన కోసం తెరిస్తే నిరాశే. బస్సులో నిద్ర పట్టకపోవడం, డ్రెస్సింగ్ రూమ్‌లో వేళాకోళాలు, ఆడగలిగి ఉండగానే మానెయ్యాలన్న ఆలోచన, ఇవే ఎక్కువ. చిన్నప్పుడు ఎటోబికోలో వాళ్ళ నాన్న పెరట్లో నేల చదును చేసి తారు వేయించాడట. అన్నదమ్ములు అక్కడ టెన్నిస్ బంతితో ఆడేవాళ్ళు. ఆ పేజీలు రెండుసార్లు చదివాను. తెనాలిలో మా సందులో మేమూ టెన్నిస్ బంతే కదా వాడింది! ఎటోబికో మా అమ్మాయి వాళ్ళ ఊరికి ఆనుకునే ఉంటుంది.

రిచర్డ్ వాగమీస్ నవల 'ఇండియన్ హార్స్' ఒక్క రాత్రిలో పూర్తిచేశాను, తర్వాత రెండు రోజులు మనసు బాగోలేదు. బామ్మ చేతుల్లోంచి లాక్కొచ్చి, ఆదివాసీ పిల్లలకు సొంత భాష, ఆచారాలు మరిపించడానికి పెట్టిన రెసిడెన్షియల్ స్కూల్లో పడేసిన ఆదివాసీ కుర్రాడు, తెల్లారకముందే లేచి, గడ్డకట్టిన గుర్రపు పేడ ఉండల్ని పక్‌లుగా పెట్టుకుని ఆట నేర్చుకుంటాడు. ఇది చదివాక ఏ రింక్ చూసినా ఉత్త సరదా చోటుగా కనిపించదు. 1895లో హాలిఫాక్స్‌లో నల్లజాతి వాళ్ళు సొంతంగా పెట్టుకున్న లీగ్ గురించిన 'బ్లాక్ ఐస్' కూడా చదవండి. స్టీఫెన్ హార్పర్ ప్రధానిగా ఉంటూనే 2013లో టొరంటో తొలినాటి ప్రొఫెషనల్ హాకీ మీద ఒక పుస్తకం తెచ్చాడు. శ్రద్ధగా రాశాడు, నేనే సగంలో నిద్రపోయాను.

టొరంటోలో హాకీ హాల్ ఆఫ్ ఫేమ్ అనే మ్యూజియంకు మనవణ్ణి తీసుకెళ్ళాం. గో రైల్లో యూనియన్ స్టేషన్ దిగితే, అక్కణ్ణుంచి పాత్ అనే భూగర్భ దారిలోనే అది ఉన్న బ్రూక్‌ఫీల్డ్ ప్లేస్ చేరవచ్చు, చలిలోకి అడుగు పెట్టనక్కర్లేదు. మోకాళ్ళ నొప్పులవాళ్ళు ఇది గుర్తుపెట్టుకోండి. టికెట్ పాతిక డాలర్ల దాకా అయింది. మూడు గంటలు పడుతుంది. పిల్లలు తెర మీద గోలీకి పక్ కొట్టే ఆటల దగ్గరే ఉండిపోతారు, అందుకని శని ఆదివారాలు వద్దు.

నాకు నచ్చింది మ్యూజియంలో భాగమైన 1885 నాటి బ్యాంకు భవనం. ముప్ఫై ఏళ్ళు బ్యాంకులో చేసినవాణ్ణి, రంగు అద్దాల గుమ్మటం కింద నిలబడితే ముందు కౌంటర్లు ఎక్కడుండేవా అని వెతుక్కున్నాను. 1892లో గవర్నర్ జనరల్ లార్డ్ స్టాన్లీ పది గినీలు పెట్టి కొనిచ్చిన అసలు గిన్నె పాత వాల్ట్‌లోనే ఉంది. ఇప్పుడు ఆటగాళ్ళు ఎత్తిపట్టుకునే కప్పు వేరు, దాదాపు 90 సెంటీమీటర్ల ఎత్తు, 15 కిలోల పైన బరువు. దాన్ని ఎవరైనా తాకవచ్చు. మా ఆవిడ తాకి కళ్ళకద్దుకుంది. మనవడు మాత్రం చేతులు వెనక్కి కట్టేసుకున్నాడు. గెలవకముందే ముట్టుకుంటే ఇక ఎప్పటికీ గెలవరని ఆటగాళ్ళ నమ్మకమట. వాడికింకా ఆశ ఉంది మరి.

మాంట్రియల్‌కు మేమిద్దరమే వెళ్ళాం. రైలు సుఖం. పులిహోర కట్టుకెళ్ళాం, ఎవరూ ఏమీ అనలేదు. ఇబ్బందంతా బసతో వచ్చింది. ఆన్‌లైన్‌లో చూసి ప్లాటూ పేటలో ఒక గది తీసుకున్నాం. ఆ పేట ఇళ్ళకు ఇనప మెట్లు బయట, మెలికలు తిరిగి ఉంటాయి. ఫోటోల్లో ఎంత అందమో! మాది మూడో అంతస్తు, మెట్ల నిండా మంచు గడ్డ, చేతిలో సూట్‌కేసు. "పై అంతస్తు" అని ఉందిగానీ మెట్ల సంగతి ఇంటివాళ్ళు రాయలేదు. పడితే ఇన్సూరెన్స్ వర్తిస్తుందా అన్న టెన్షన్‌తోనే రెండు రాత్రులు గడిచాయి. పెద్దవాళ్ళయితే సెంట్రల్ స్టేషన్ దగ్గర లిఫ్ట్ ఉన్న హోటల్ చూసుకోండి, డబ్బు ఎక్కువైనా సరే. శాకాహారులు పుటీన్ (వేయించిన బంగాళాదుంప ముక్కలు, చీజ్‌తో చేసే అక్కడి వంటకం) మీద పోసే గ్రేవీ దేనితో చేశారో అడగాలి, మామూలుగా మాంసం రసంతో చేస్తారు.

గ్యారేజీ తర్వాత అట్వాటర్ మెట్రో దగ్గర ఫోరమ్‌కు వెళ్ళాం. 1926 నుంచి 1996 దాకా కెనడియన్స్ సొంతగడ్డ, ఇప్పుడు సినిమా హాళ్ళు. కెనడియన్స్ ఫ్రెంచి ఆటగాడు మారిస్ రిచర్డ్‌ను సీజన్ చివరిదాకా బహిష్కరించారని 1955 మార్చి 17న ఇక్కడ మొదలైన గొడవ సెయింట్ కేథరిన్ వీధంతా పాకి, అద్దాలు పగిలాయి. అది ఆట కోపం ఒక్కటే కాదు, ఇంగ్లిష్ పెత్తనం మీద ఫ్రెంచివాళ్ళ కోపం కూడా అంటారు. చదవకుండా వెళితే పాప్‌కార్న్ వాసన తప్ప ఏమీ ఉండదు.

ఎన్‌హెచ్‌ఎల్ టికెట్ల ధర చూసి వెనక్కి తగ్గి, మెట్రోలో చివరి స్టేషన్ మోమోరెన్సీకి వెళ్ళి ప్లాస్ బెల్‌ స్టేడియంలో లవాల్ రాకెట్ అనే కింది లీగ్ జట్టు ఆట చూశాం. రాకెట్ అన్నది రిచర్డ్ ముద్దుపేరు. చాలా తక్కువ ఖర్చు, పక్ గోడకు తగిలే చప్పుడు గుండెల్లో వినపడేంత దగ్గర. ఇది మాత్రం వదులుకోవద్దు.

మెక్‌గిల్ పక్కన మిల్టన్ వీధిలో ద వర్డ్ అనే చిన్న పాత పుస్తకాల షాపులో గంటసేపు గడిపాను. రోక్ కారియే రాసిన 'ద హాకీ స్వెటర్' అప్పటికే లైబ్రరీలో చదివేశాను. ఊళ్ళో పిల్లలంతా రిచర్డ్ 9 నంబరు ఎర్ర స్వెటర్ వేసుకుంటే, అమ్మ ఉత్తరం రాసి తెప్పించిన పార్సెల్‌లో శత్రువుల జట్టు టొరంటో మేపుల్ లీఫ్స్ నీలం స్వెటర్ వస్తుంది. తిప్పి పంపితే షాపు యజమాని ఈటన్ గారు నొచ్చుకుంటారని అమ్మ అదే తొడిగిస్తుంది. చివరికి ఆ పిల్లాడు చర్చిలో కూర్చుని, పురుగులొచ్చి నా స్వెటర్ తినెయ్యాలి అని దేవుణ్ణి వేడుకుంటాడు. ఈ కథలోని వాక్యాలు కెనడా ఒకప్పటి 5 డాలర్ల నోటు మీద కూడా అచ్చయ్యాయి.

నేను షాపులో ఉండగా మా ఆవిడ బయట తిరిగి, రంగు బాగుందని మనవడికి ఎర్ర జెర్సీ కొనేసింది. కెనడియన్స్‌ది. వాడు లీఫ్స్ అభిమాని. రైల్లో నేను కథంతా చెప్పాక తల పట్టుకుంది గానీ, షాపు అప్పటికి ఐదు వందల కిలోమీటర్ల వెనక ఉండిపోయింది.

ఇంట్లో కవరు విప్పగానే మనవడి మొహం చూడాలి. మా అమ్మాయి వాణ్ణి వంటింట్లోకి లాక్కెళ్ళి, "అమ్మమ్మ నొచ్చుకుంటుందిరా, ఒక్కసారి వేసుకో" అంది. మర్నాడు పొద్దున్న ఆరింటికి ప్రాక్టీసుకి వేసుకునే వచ్చాడు, చలికోటు జిప్పు గడ్డం దాకా లాక్కుని.